సైన్సు కథకి వారం వారం అన్నం పెట్టేదెవరు?

దాచేపల్లిలో నాకు తెలిసిన మాస్టారొకాయన హైస్కూల్లో ఫిజికల్ సైన్సు చెప్పి రిటైరయ్యారు. ఆయన మేనకోడలు హైదరాబాదులో డైలీ సీరియళ్లకు డైలాగులు రాస్తుంది. ఇద్దరూ పుస్తకాల పిచ్చివాళ్లే. యండమూరి వీరేంద్రనాథ్ పేరెత్తితే మాత్రం ఇద్దరికీ పొసగదు. మొన్న సంక్రాంతికి ఆ అమ్మాయి వచ్చినప్పుడు అటక మీద ట్రంకుపెట్టె దించారు. పాత ఆంధ్రభూమి వారపత్రికల్లోంచి సీరియల్ పేజీలు చింపి, దారంతో కుట్టి, అట్ట వేయించిన బైండు ఒకటుంది అందులో: 'తులసిదళం'. కుట్టు దగ్గర ప్రతి పంక్తిలోనూ ఒకటి రెండు అక్షరాలు దారం కింద పోయాయి. కొన్ని పేజీల అంచున ఎవరో పెన్సిలుతో టిక్కులు పెట్టారు, ఆ వారం ఇంట్లో ఎంతమంది చదివారో అన్ని టిక్కులు. దాని కిందే అచ్చు పుస్తకం 'చీకట్లో సూర్యుడు' ఉంది. తగువు అక్కణ్ణుంచి మొదలైంది. నేను పక్కన కూర్చుని విన్నాను.

మాస్టారు: ఇదిగో అమ్మాయ్, ఈ రెండిట్నీ పక్కపక్కన పెట్టి చూడు. రాసింది ఒకే మనిషి. 1948లో రాజోలులో పుట్టాడు. చార్టర్డ్ అకౌంటెన్సీ చదివాడు. ఫైనాన్స్ కార్పొరేషన్‌లో, ఆంధ్రా బ్యాంకులో ఉద్యోగం చేశాడు. పైసా తేడా వస్తే రాత్రంతా కూర్చుని వెతికే చదువది. అలాంటివాడు అంతరిక్షం మీద నవల రాశాడంటే నాకేం ఆశ్చర్యం లేదు. అంత చదువు పెట్టుకుని చేతబడి నవల ఎందుకు రాయాల్సి వచ్చిందన్నదే నా బాధ.

అమ్మాయి: చేతబడి నవల అని ఒక్క మాటతో తీసిపారెయ్యకండి మావయ్యా. అందులో డాక్టర్లున్నారు, హిప్నాటిజం ఉంది, మంత్రగాళ్లున్నారు. పసిపిల్లని బతికించింది మేమంటే మేమని ఎవరికి వాళ్లనుకోవచ్చు. తేల్చుకోవడం చదివేవాళ్ల పని.

మాస్టారు: ఆ తేల్చకపోవడమే తప్పంటున్నా. జ్వరం తగ్గకపోయినా, గేదె పాలు చేపకపోయినా ఎవరో ఏదో చేయించారనే ఊళ్లలో, తేల్చకుండా వదిలేస్తే చివరికి ఏం తేలుతుందో నేను కళ్లారా చూశాను. అమావాస్య ఎందుకొస్తుందో క్లాసులో బంతీ టార్చిలైటూ పెట్టి చూపించేవాణ్ణి. ఆ పిల్లలే ఇంటికెళ్లి ఈ సీరియల్ చదువుకుని, అమావాస్యనాడు పెరట్లోకి పోవాలంటే అమ్మని తోడు రమ్మనేవాళ్లు. రంగనాయకమ్మ గారు ఊరికే 'తులసిదళం కాదు గంజాయి దమ్ము' అని రాయలేదు. పైగా ఇందులో ఇంగ్లీషు 'ఎక్సార్సిస్ట్' ఛాయలున్నాయన్న మాట అప్పట్నించీ ఉంది.

అమ్మాయి: రంగనాయకమ్మ గారు దాని మీద విమర్శ రాశారంటే ఊరూవాడా చదివారనేగా. ఈ టిక్కులు చూడండి, ఒక్కో వారం అయిదారున్నాయి. మా అమ్మా పిన్నులూ పోట్లాడుకుని చదివింది ఇదే. మీరు తప్పుపట్టే రచయితే కదండీ ఈ ఇంట్లో ఆడవాళ్లకి వారం వారం ఎదురుచూడటం నేర్పింది! ఆ ఎదురుచూపు లేకపోతే మీ 'చీకట్లో సూర్యుడు' మాత్రం ఎవరు కొనేవాళ్లు? తులసిదళం రాసినాయన పుస్తకమనే కొన్నారు.

మాస్టారు: సరే, కొన్నారు. ఆ తర్వాత? పాఠకుడు చేతికి చిక్కాడు, సైన్సు రాయగలనని రుజువైంది. 'యుగాంతం' కూడా రాశాడు. భూమికి చివరి రోజులొచ్చాయని తెలిస్తే మనుషులు ఎట్లా ప్రవర్తిస్తారన్నది ఊహించాడు. అది గట్టి ఊహ. అక్కడ నిలబడి ఉంటే తెలుగులో సైన్స్ ఫిక్షన్‌కి ఒక ఇల్లు లేచేది. నిలబడ్డాడా? సినిమాలకెళ్లాడు, టీవీకెళ్లాడు, చివరికి జీవితంలో పైకి రావడం ఎలాగో చెప్పే పుస్తకాల దగ్గర తేలాడు.

అమ్మాయి: మీరు చెప్పే వరసలో ఏదో దిగజారుడు ఉన్నట్టుంది. నేను చెప్తాను వినండి. ఆయన మొదలుపెట్టింది నాటకాలతో. 'కుక్క', 'రఘుపతి రాఘవ రాజారాం' రంగస్థలం మీద ఆడిన నాటకాలు. నాటకం రాసేవాడికి ఒకటి ఒంటపడుతుంది: ఎదురుగా కూర్చున్నవాడు లేచి వెళ్లిపోగలడు. ఆ భయంతోనే వారపత్రికకు వచ్చారు. అక్కణ్ణుంచి సినిమాకి. 1983లో 'అభిలాష', 1984లో 'ఛాలెంజ్', 1986లో 'రాక్షసుడు', 1988లో 'మరణ మృదంగం'. నాలుగూ ఆయన నవలలే, నాలుగింట్లోనూ చిరంజీవే, నాలుగింటికీ కోదండరామిరెడ్డే డైరెక్టరు. 'అభిలాష'లో ఉరిశిక్ష ఉండాలా వద్దా అన్న వాదం ఉంది. మాస్ హీరో సినిమాలో శిక్షాస్మృతి గురించి మాట్లాడించగలిగారంటే తక్కువా? ఇక టీవీకి 'వెన్నెల్లో ఆడపిల్ల'. చదరంగం ఆడే కుర్రాడు, ఫోన్లో తప్ప కనపడని అమ్మాయి, ఆమె వేసే చిక్కుప్రశ్నలు. కథంతా బుర్రకి పదును పెట్టే ఆట. అది సీరియల్‌గా ఇంటింటికీ వచ్చింది.

మాస్టారు: నువ్వు చెప్పినదాంట్లో సైన్స్ ఫిక్షన్ ఏది?

అమ్మాయి: లేదు. అదే నేనూ అడుగుతున్నా. ఎందుకు లేదు? రాసేవాడు వదిలేశాడా, రాయించేవాడు లేడా?

ఈ ప్రశ్న దగ్గర కాసేపు ఇద్దరూ ఆగారు. ఇంట్లోంచి కాఫీలొచ్చాయి. నా మటుకు నాకు తగువు మొత్తం ఈ ప్రశ్నలోనే ఉందనిపించింది. రచయిత జీవితాన్ని మనం ఎప్పుడూ ఆయన ఇష్టాయిష్టాల లెక్కలోనే చూస్తాం. వారపత్రికలో సీరియల్ నడిచే తీరు తెలిసినవాళ్లు అలా చూడరు. తులసిదళాన్ని ధైర్యం చేసి వేసిన సంపాదకుడు సికరాజు, అంటే సి. కనకాంబరరాజు. పాఠకుల ఉత్తరాలు చూసి, పత్రిక అమ్మకం చూసి, మరో సీరియల్ మొదలుపెట్టమని అడిగేది సంపాదకుడు. ఏది అడిగితే అది పెరుగుతుంది.

మాస్టారు: రాయించేవాడు లేడన్నది సాకు. పక్క జిల్లా సంగతే చెప్తా. తెనాలిలో పుట్టాడు కొడవటిగంటి కుటుంబరావు. ఫిజిక్సు డిగ్రీ. ఎమ్మెస్సీకి కాశీ దాకా వెళ్లి, డబ్బుల్లేక మధ్యలో వచ్చేశాడు. సైన్సు మీద వ్యాసాలు రాశాడు, మూఢనమ్మకాన్ని జన్మలో క్షమించలేదు. ఎవడు రాయించాడు ఆయన చేత? నండూరి రామమోహనరావు పత్రికలో పనిచేస్తూనే 'విశ్వరూపం', 'నరావతారం' రాశాడు. నక్షత్రాల పుట్టుక నుంచి మనిషి పుట్టుక దాకా తెలుగులో చదువుకున్నాం. మహీధర నళినీమోహన్ ఢిల్లీలో నేషనల్ ఫిజికల్ లేబొరేటరీలో శాస్త్రవేత్త, అయినా పిల్లలకి తెలుగులో రాశాడు. ఓపిక ఉన్నవాళ్లు రాశారు.

అమ్మాయి: కుటుంబరావు గారి పేరు మీరే ఎత్తారు కాబట్టి అడుగుతున్నా. ఆయనకి అన్నం ఎవరు పెట్టారు?

మాస్టారు: చందమామ.

అమ్మాయి: 1952 నుంచి 1980లో పోయేదాకా చందమామ. అందులో ఏముండేవి? భేతాళుడు, విక్రమార్కుడు, రాక్షసులు, మాంత్రికులు, మారువేషంలో రాజులు. దేవుణ్ణి నమ్మని మనిషి, భూతాలకి బద్ధశత్రువు, ఏళ్ల తరబడి నెలనెలా శవంలోని భేతాళుణ్ణి చెట్టు మీంచి దింపించాడు. దానికి మీరు ఆయన్ని తప్పుపడతారా?

మాస్టారు: అది వేరు. భేతాళ కథలో చివర ఒక న్యాయవిచారం ఉంటుంది. పిల్లవాడు ఆలోచిస్తాడు.

అమ్మాయి: తులసిదళంలోనూ ఆలోచించాలనే అంటున్నా. సరే, అది పక్కన పెట్టండి. మీరు చెప్పిన ముగ్గురికీ నెలజీతం వచ్చే కుర్చీ ఉంది. ఒకరికి చందమామ, ఒకరికి ఆంధ్రజ్యోతి, ఒకరికి లేబొరేటరీ. సైన్సు వ్యాసం జీతగాడు సాయంత్రాలు రాయగలడు. కథ రాసి బతకాలనుకున్నవాడి సంగతి వేరు. కథ అమ్ముడుపోవాలి.

మాస్టారు: అమ్ముడుపోయే సరుకే రాయాలంటే ఇంక రచయిత ఎందుకు?

అమ్మాయి: ఇంగ్లండులో నైజెల్ నీల్ అని ఒకాయన ఉండేవాడు. మంచి కథకుడు. 1949లో 'టొమాటో కెయిన్' అని కథల పుస్తకం వేస్తే సోమర్‌సెట్ మామ్ పేరు మీద ఇచ్చే బహుమతి వచ్చింది. ఇంకో పుస్తకం, ఇంకో బహుమతి అని పోకుండా బీబీసీలో ఉద్యోగంలో చేరాడు. 1953 ఎండాకాలంలో ఆయన చేత ఆరు వారాల సీరియల్ రాయించారు, 'ది క్వాటర్‌మాస్ ఎక్స్‌పెరిమెంట్'. రాకెట్లో ముగ్గురు పోతారు, దిగేటప్పటికి ఒక్కడే ఉంటాడు, ఆ ఒక్కడూ మెల్లగా మనిషి కాకుండా పోతుంటాడు. ఆరు భాగాలూ స్టూడియోలోంచి నేరుగా ప్రసారం. రికార్డు చేసి పెట్టుకునే అలవాటు కూడా లేదప్పుడు, ఇవ్వాళ మొదటి రెండు భాగాలే మిగిలాయి. దేశమంతా టీవీల ముందు కూర్చుంది. అంతరిక్షంలోకి మనిషి పోవడానికి ఎనిమిదేళ్ల ముందు మాట ఇది.

మాస్టారు: గగారిన్ వెళ్లింది 1961. సరిపోయింది లెక్క.

అమ్మాయి: ఇంకో సంగతి. అదే మనిషి 1968లో ఒక టీవీ నాటకం రాశాడు. ఒక కుటుంబాన్ని తీసుకెళ్లి దీవిలో పెట్టి, వాళ్ల బాధలన్నీ కెమెరాలతో జనానికి చూపిస్తుంటారు. ఏడుస్తుంటే చూసేవాళ్లకి వినోదం. ఇప్పుడు మనింట్లో బిగ్‌బాస్ చూస్తున్నాం కదా, దాన్ని ఇన్నేళ్ల ముందు ఊహించింది టీవీకి రాసుకుని బతికినవాడే. బయట నిలబడి టీవీని తిట్టినవాడికి తట్టలేదు, లోపల పనిచేసినవాడికి తట్టింది.

మాస్టారు: నువ్వు చెప్పేది బీబీసీ. జనం లైసెన్సు డబ్బు కడితే నడిచేది. సబ్బుల కంపెనీకి జవాబు చెప్పే పని లేదు. మీ ఛానెళ్లతో దాన్నెట్లా పోలుస్తావు?

అమ్మాయి: అయితే అమెరికా చూడండి. రాడ్ సెర్లింగ్. రెండో ప్రపంచయుద్ధంలో పారాచూట్ దళంలో పోరాడి వచ్చాడు. టీవీకి మంచి నాటకాలు రాసి పేరు తెచ్చుకున్నాడు. 1955లో మిసిసిపీలో పద్నాలుగేళ్ల నల్లజాతి కుర్రాణ్ణి, ఎమ్మెట్ టిల్‌ని, చంపేశారు. కోర్టు హంతకుల్ని వదిలేసింది. సెర్లింగ్ దాని మీద నాటకం రాస్తే, ప్రకటనలిచ్చే కంపెనీలు భయపడి ఊరు మార్పించాయి, మనుషుల్ని మార్పించాయి, చివరికి ఏమీ మిగల్లేదు. అప్పుడాయన 1959లో 'ది ట్విలైట్ జోన్' మొదలుపెట్టాడు. వేరే గ్రహంలో జరిగినట్టు రాస్తే ఏ కంపెనీవాడికీ కోపం రాదు. అయిదేళ్లు, 156 భాగాలు, అందులో 92 ఆయనే రాశాడు. జాతి ద్వేషం, యుద్ధం, మూకల భయం, అన్నీ అందులోకి వచ్చాయి.

మాస్టారు: (కుర్చీలో ముందుకు జరిగి) అదీ! అదే నేనడిగేది! ఆయనకీ సబ్బుల కంపెనీలున్నాయి, ఆయనకీ పొట్ట ఉంది. అడ్డం వచ్చిన గోడని తప్పించుకోవడానికి నక్షత్రాల్లోకి పోయాడు. మీవాళ్లకి అదే గోడ అడ్డం వస్తే ఎటుపోయారు? అత్తగారి హాల్లోకి. విషం కలిపిన పాలగ్లాసు దగ్గరికి.

నాకు ఇక్కడ మాస్టారి వైపే మొగ్గాలనిపించింది. సెర్లింగ్ ఉదాహరణ ఆ అమ్మాయి తన వాదానికి తెచ్చుకుంది, అది ఎదుటివాళ్ల చేతికి పోయింది. కానీ ఆమె చెప్పిన తర్వాతి మాటలు విన్నాక అంత తేలిగ్గా మొగ్గలేకపోయాను.

అమ్మాయి: ఎటుపోయామో చెప్తాను, కోప్పడకుండా వినండి. హైదరాబాద్ దూరదర్శన్ 1977లో వచ్చింది. ఆ రోజుల్లో సీరియల్ అంటే వారానికొక భాగం, పదమూడు వారాలు, బాగుంటే పొడిగింపు. నవలకి సరిగ్గా సరిపోయే కొలత. అందుకే నవలా రచయితలు టీవీలోకి రాగలిగారు. 1995లో ఈటీవీ, జెమిని వచ్చాయి. తర్వాత డైలీ సీరియల్ వచ్చింది. సోమవారం నుంచి శనివారం దాకా రోజుకొక భాగం. 'వెన్నెల్లో ఆడపిల్ల' కథ రోజుకొక భాగం చొప్పున వేస్తే ఎన్నాళ్లొస్తుంది? నెల కూడా రాదు. ఛానెల్‌కి కావాల్సింది అయిదొందల భాగాలు, వెయ్యి భాగాలు. ఒక హాలు సెట్టు, ఒక వంటిల్లు, రెండు బెడ్‌రూములు వేస్తే ఆ ఖర్చు వెయ్యి భాగాల మీద సర్దుకోవాలి.

మాస్టారు: సెట్టు ఖర్చుకీ ఊహకీ ఏంది సంబంధం?

అమ్మాయి: ఉంది. అత్తాకోడళ్ల తగువు ఎన్నటికీ తెగదు, రోజుకొకసారి రాజుకుంటుంది. సైన్సు కథ ఒక ప్రశ్నతో మొదలవుతుంది: ఇలా జరిగితే ఏమవుతుంది? జవాబు రాగానే కథ అయిపోతుంది. సాగదీస్తే చచ్చిపోతుంది. దాని స్వభావమే చిన్నది. పైగా ప్రతి వారం కొత్త చోటు కావాలి. డైలీ సీరియల్‌కి అదీ ఇదీ రెండూ గిట్టవు. ఇక నా పని వినండి. సాయంత్రం సీన్ ఆర్డర్ వస్తుంది. రాత్రికి డైలాగులు రాసి పంపాలి. పొద్దున తొమ్మిదికి షూటింగ్. ప్రతి బ్రేకుకీ ముందు ఒక గుండె ఆగే మాట పడాలి. గురువారం రేటింగులొస్తాయి. పడిపోయిన ట్రాకు శుక్రవారానికి ఉండదు. ఒక సీరియల్లో హీరోయిన్‌ని ఆస్ట్రానమీ చదివే పిల్లగా రాశాను. ఎంతో ముచ్చటపడి రాశాను. డాబా మీద టెలిస్కోపులో శనిగ్రహం ఉంగరాలు మొదటిసారి చూసి, వాళ్ల నాయనమ్మని లేపుకొచ్చి చూపించే సీను. రాత్రి సీనంటే లైట్లు, జనరేటరు, అద్దె. హాల్లోకి మార్చమన్నారు. టెలిస్కోపు హాల్లో కర్టెను పక్కన నిలబెట్టి తీశారు. ఆ పిల్ల దాంట్లోంచి చూస్తూ శనిగ్రహం గురించి చెప్తుంటే ఎదురుగా గోడ. ఆ వారం నుంచి ఆ అమ్మాయి చదువు గురించి మళ్లీ రాయనివ్వలేదు.

మాస్టారు కాసేపు ఏమీ అనలేదు. పైకప్పు కేసి చూసి, ఆ టెలిస్కోపు ఎన్ని అంగుళాలదని అడిగారు. ఆమె చెప్పింది. దాంతో ఉంగరాలు స్పష్టంగా కనపడతాయన్నారు.

మాస్టారు: అయినా ఒక సంగతి. మీ టీవీలోకే గుణ్ణం గంగరాజు వచ్చాడు. 'అమృతం' 2001 నుంచి 2007 దాకా, మూడొందలకి పైగా భాగాలు. విషం లేదు, పాలగ్లాసు లేదు, ఒక హోటలూ నలుగురు తెలివితక్కువవాళ్లూ. ఇంటిల్లిపాదీ చూశాం. ఆ మనిషే 2014లో వాళ్లని చంద్రుడి మీదికి తీసుకెళ్లి హోటలు పెట్టించాడు, 'చందమామలో అమృతం'. టీవీ రచయిత తలుచుకుంటే చంద్రుడి దాకా పోగలడని రుజువైందిగా. ఎందుకు ఆడలేదు ఆ సినిమా?

అమ్మాయి: మీరు థియేటర్‌కి వెళ్లి చూశారా?

మాస్టారు: లేదు. తర్వాత ఇంట్లో చూశా.

అమ్మాయి: అందుకే ఆడలేదు. అమృతరావు, ఆంజనేయులు, సర్వం ఇంట్లో సోఫాలో కూర్చుంటే పలకరించే మనుషులు. టిక్కెట్టు కొని వాళ్లని చూడటానికి ఎవరూ కదల్లేదు. అదే కథ పదమూడు వారాలు టీవీలో వచ్చుంటే పల్నాడంతా చంద్రుడి మీద గురుత్వాకర్షణ ఎంతుంటుందో మాట్లాడుకునేది.

మాస్టారు: ఆరో వంతు. ఆ సినిమాలో దాన్ని కొంతసేపు పట్టించుకున్నారు, కొంతసేపు మర్చిపోయారు. నాకు అదే కంట్లో నలుసు. 'ఆదిత్య 369' చూడు. 1991. సింగీతం శ్రీనివాసరావు. కె.వి. రెడ్డి దగ్గర 'మాయాబజార్' నాటి నుంచి పని నేర్చుకున్న మనిషి. వెల్స్ నవలలోని కాలయంత్రం ఊహ తీసుకున్నాడు గానీ, ఎక్కించి ఎక్కడికి పంపాడు? కృష్ణదేవరాయల కొలువుకి. అక్కడ తెనాలి రామకృష్ణుడున్నాడు, వజ్రం ఉంది, జంధ్యాల మాటలున్నాయి. ఆ తర్వాత 2504కి తీసుకెళ్లాడు. మూడో ప్రపంచయుద్ధం అయిపోయింది, భూమ్మీద అణుధూళి, మనుషులు నేల కింద బతుకుతున్నారు. గతంలోకి తీసుకెళ్లి నవ్వించాడు కాబట్టి భవిష్యత్తులో భయపెడితే జనం నమ్మారు. 'కల్కి 2898 ఏడీ'కి కూడా ఆయన్నే సలహాదారుగా పెట్టుకున్నారంటే ఊరికే కాదు.

అమ్మాయి: వందల కోట్లు పెట్టిన సినిమా అది. పదేళ్లకొక సినిమా, ముప్పై ఏళ్లకొక సినిమా వస్తే అది పండగ, అంతే. దానితో రచయితలు తయారవరు. సెర్లింగ్ 92 రాశాడు. అందులో బాగాలేనివీ ఉంటాయి. బాగాలేనివి రాసే వీలుండాలి మావయ్యా. మనకి సైన్స్ ఫిక్షన్‌లో చెడ్డ కథ రాసి, వచ్చే వారం మంచిది రాసుకునే చోటే లేదు. యండమూరి గారికి వారపత్రిక ఉంది కాబట్టి అన్ని రకాలు ప్రయత్నించగలిగారు. ఆ పత్రికలూ పోయాయి. నా తర్వాత వచ్చేవాళ్లకి అదీ లేదు.

ఈ ఒక్క మాటలో ఆ అమ్మాయి నన్ను తన వైపు తిప్పుకుంది. 'చీకట్లో సూర్యుడు' వెనక ఎన్ని వారాల సాధన ఉందో ఆలోచించకుండా ఆ దారిలోనే ఎందుకు సాగలేదని నిలదీయడం సులువు. వారం వారం రాసే అలవాటు లేని భాషలో ఏ కథారూపమూ కాలూనదు.

మాస్టారు: చోటు లేదంటావు. చోటు ఇక్కడుంది చూడు. నువ్వు నిలబడ్డ గచ్చు ఏ రాయి?

అమ్మాయి: నాపరాయి.

మాస్టారు: దాచేపల్లి, పిడుగురాళ్ల, మాచర్ల, ఈ నేలంతా సున్నపురాయి. సిమెంటు ఫ్యాక్టరీలూ సున్నం బట్టీలూ ఇక్కడ పెట్టింది అందుకే. సున్నపురాయి ఎట్లా ఏర్పడుతుంది? సముద్రం అడుగున. కోట్ల ఏళ్ల కిందట మన ఇంటి మీద సముద్రం ఉంది. అప్పటికి భూమ్మీద ఎముకున్న జీవి ఒక్కటీ పుట్టలేదు. క్వారీలో రాయి పొరలుపొరలుగా లేస్తుంది, ఒక్కో పొరా ఒక్కో కాలం. ఇప్పుడు ఆ పొరల మధ్య ఒక అడుగుజాడ కనపడిందనుకో. అయిదు వేళ్లతో. ఏం చెప్తావు? ఎవరిది? అటు చూస్తే నాగార్జునసాగర్ నీళ్ల కింద ఇక్ష్వాకుల విజయపురి మునిగుంది. డ్యాం కట్టేముందు తవ్వి తీసినవి కొండ మీద పెట్టారు, మిగతాది నీళ్లలోనే ఉంది. ఒక్క తాలూకాలో సముద్రం అడుగూ, మునిగిన రాజధానీ రెండూ ఉంటే, మీరంతా అమెరికా నుంచి గ్రహాంతరవాసి దిగాలని ఎదురుచూస్తారు! విశ్వనాథ సత్యనారాయణ 'హాహాహూహూ'లో గంధర్వుణ్ణి లండన్ ట్రఫాల్గర్ స్క్వేర్‌లో పడేశాడు. ఇంగ్లీషువాళ్లు వాడిది ఏ జంతుజాతో తేల్చలేక జుట్టు పీక్కున్నారు. తెలుగువాడి ఊహకి ఆ ధీమా ఉండాలి.

అమ్మాయి: ఉండాలి. ఆ అడుగుజాడ కథ నేను రాస్తాను. కానీ నాకొక చోటు ఇప్పించమనండి. ఆదివారం అరగంట, పదమూడు వారాలు. రేటింగ్ చూడకుండా.

మాస్టారు: రేటింగ్ చూడొద్దని ఎందుకడుగుతున్నావు?

అమ్మాయి: (తెల్లబోయి) మీరేనా ఆ మాటంటోంది?

మాస్టారు: నేనే. కార్తీకంలో కారెంపూడి వీరుల తిరునాళ్లకి నిన్ను చిన్నప్పుడు తీసుకెళ్లాను, గుర్తుందా? రాచగావు, రాయబారం, మందపోరు, కోడిపోరు, కల్లిపాడు. అయిదు రోజులు, రోజుకొక ఘట్టం. వీరవిద్యావంతులు కత్తి పట్టుకుని పాడుతుంటే జనం చలికి దుప్పట్లు కప్పుకుని కూర్చునే వాళ్లు. కథ అందరికీ తెలిసిందే, బాలచంద్రుడు చచ్చిపోతాడనీ తెలుసు. అయినా లేవరు. వాళ్లని ఎవరూ బతిమాలి కూర్చోబెట్టలేదు. నీ ఇంగ్లండాయన ఆరు వారాలు దేశాన్ని కూర్చోబెట్టింది రేటింగ్ వద్దని కాదుగా. జనం లేచిపోతారన్న భయం నాటకం నేర్పుతుందని ఇందాక నువ్వే చెప్పావు. ఆ భయం లేకుండా రాసిన సైన్సు కథ నా పాఠంలాగా ఉంటుంది. పిల్లలు పాఠానికి కూర్చునేది హాజరు కోసం.

అమ్మాయి: డైలీ సీరియల్ మీద అయిదొందల భాగాల రేటింగ్ పెట్టి, నా పదమూడు వారాల కథని దాని పక్కన నిలబెడితే మొదటి గురువారమే తీసేస్తారు మావయ్యా. ఆరు వారాలు ఆగమంటాను. ఆరో వారం చూడమనండి. రేటింగ్ లేకపోతే నేనే ఆపేస్తాను.

మాస్టారు: నాలుగు.

అమ్మాయి: నాలుగు వారాలకి అడుగుజాడ ఎవరిదో సగం కూడా చెప్పలేను. అయిదు ఇవ్వండి.

మాస్టారు: సరే, అయిదు. కారెంపూడిలోనూ అయిదే. అయితే షరతు. ఏ భాగంలోనూ టెలిస్కోపు గోడకేసి తిప్పడానికి వీల్లేదు. రాయి వయసు, నీటి లోతు, అడుగుజాడ కొలత, అన్నీ నాకు చూపించాలి. తప్పుంటే కొట్టేస్తాను. నీ ఛానెల్‌వాడికి తెలియకపోవచ్చు, గురజాలలో పదో తరగతి పిల్లకి తెలుస్తుంది.

అమ్మాయి: కొట్టెయ్యండి. కానీ సీను చంపొద్దు. పాడుబడ్డ క్వారీ ఒకటి కావాలి, సగం నీళ్లు నిండింది. సెట్టు ఖర్చు ఉండదు. అన్నీ పగటి సీన్లు రాస్తాను, జనరేటరు అక్కర్లేదు. సున్నం బట్టీలో పనిచేసే తండ్రి, చదువుకునే కూతురు, క్వారీ మేస్త్రీ, ఒక జియాలజీ లెక్చరరు. నలుగురు ఆర్టిస్టులు చాలు. అడుగుజాడకి ప్లాస్టర్ అచ్చు మనమే పోసుకోవచ్చు. నడికుడి స్టేషన్లో దిగితే యూనిట్‌కి దగ్గర. మావయ్యా, క్వారీలో నీళ్లు ఏ నెలలో తగ్గుతాయి?